అశ్వికదళం కాగితాలు చదువుదాం – 3వ పాఠం: 'గైర్హాజరు' అంటే ఏమిటి?

పోయిన పాఠంలో 1వ వర్జీనియా అశ్వికదళ రెజిమెంట్ ఎలా పుట్టిందో చూశాం. అమెరికా అంతర్యుద్ధంలో బానిసత్వాన్ని నిలబెట్టుకోవడానికి విడిపోయిన దక్షిణాది రాష్ట్రాల తరఫున, అంటే కాన్ఫెడరేట్ల తరఫున పోరాడిన దండు ఇది. మొదటి కర్నల్ జె.ఇ.బి. స్టువర్ట్. ఈసారి ఒక్క పని నేర్చుకుందాం: సైనికుడి కార్డులో 'గైర్హాజరు' అని కనిపిస్తే ఏమని చదవాలి?

ముందు కార్డు సంగతి. యుద్ధకాలంలో కంపెనీల వారీగా, అంటే రెజిమెంట్‌లోని చిన్న దళాల వారీగా, హాజరు పట్టీలు రాసేవారు, మామూలుగా రెండు నెలలకోసారి. 1903 నుంచి అమెరికా యుద్ధశాఖ గుమాస్తాలు వాటిలోంచి ఒక్కో సైనికుడి వివరాలను కార్డుల మీదికి ఎత్తి రాశారు. అంటే మన చేతిలో ఉన్నది నకలు. ఒకే మనిషి పేరు రెండు మూడు రకాలుగా కనిపిస్తే కంగారు పడకండి.

కొత్తగా చదివేవాళ్లు 'గైర్హాజరు' చూడగానే పారిపోయాడనో చనిపోయాడనో రాసుకుంటారు. నేనూ మొదట్లో అలాగే రాసుకున్నాను. అక్కడ ఆగకండి. కింద 'రిమార్క్స్' గడి ఉంటుంది, అసలు కబురు అక్కడే. 'కొత్త గుర్రం కోసం పంపాం' అన్న అర్థంలో ఒక చిన్న ముక్క కనిపించవచ్చు.

ఆ ముక్క అర్థం కావాలంటే గుర్రం ఎవరిదో తెలియాలి. కాన్ఫెడరేట్ అశ్వికుడు తన గుర్రాన్ని తానే తెచ్చుకోవాలి. దాన్ని వాడుకున్నందుకు ప్రభుత్వం రోజుకు 40 సెంట్లు ఇచ్చేది. యుద్ధంలో చస్తే ఖరీదు కట్టి ఇచ్చేది. రోగంతో చచ్చినా, మేత లేక కూలబడినా నష్టం అతనిదే. అప్పుడు ఇంటికెళ్లి మరో గుర్రం తెచ్చుకోవాలి. అందాకా రెజిమెంట్‌లో ఒక మనిషి తక్కువే. గుర్రం లేనివాళ్ల గుంపును సైనికులు 'కంపెనీ క్యూ' అనేవారు. పట్టీల్లో అలాంటి కంపెనీ కోసం వెతక్కండి, అది వాళ్ల నోటిమాట మాత్రమే.

అందుకే ఏ యుద్ధానికైనా రెజిమెంట్ బలం లెక్క కట్టేటప్పుడు పేర్లు కూడితే సరిపోదు. ఆ నెల గుర్రం ఎక్కగలిగినవాళ్లు ఎందరో చూడాలి. 1864 మే 11న వర్జీనియాలోని ఎల్లో టావెర్న్ దగ్గర జరిగిన పోరులో, ఈ రెజిమెంట్ కె కంపెనీవాళ్ల మధ్య ఉండగానే స్టువర్ట్‌కు ప్రాణాంతకమైన తూటా తగిలింది. అభ్యాసం అక్కడి నుంచే చేద్దాం. ఒక కంపెనీ తీసుకుని 1864 మార్చి–ఏప్రిల్, మే–జూన్ కార్డులు పక్కపక్కన పెట్టండి. దొరికిన ప్రతి గైర్హాజరుకూ కారణం రాయండి: గాయం, జబ్బు, ఖైదు, గుర్రం, తెలియదు. 'తెలియదు' ఎక్కువ వస్తే అలాగే ఉంచండి, ఊహతో నింపకండి.

ఇంకో గడి కూడా గీసుకోండి. కొందరు సైనికులు తమ బానిసలను సేవకులుగా దండుకు తీసుకొచ్చారు. గుర్రాలకు మేత వేసి, మాలిష్ చేసినవాళ్లలో వాళ్లూ ఉన్నారు. ఈ హాజరు పట్టీల్లో చాలావరకు వాళ్ల పేర్లు ఉండవు. ఎక్కడైనా ఒక్క పేరు తగిలితే అక్షరం మార్చకుండా రాసి పెట్టుకోండి, వచ్చే పాఠం దానితోనే మొదలుపెడదాం.