తక్కువ బడ్జెట్‌లో ఎరోటిక్ థ్రిల్లర్ తీయడం ఎలా?

ఎరోటిక్ థ్రిల్లర్ అంటే శృంగారం, మోసం కలిసి నడిచే ఉత్కంఠ కథ. డబ్బు తక్కువగా ఉంటే ముందు కథను కుదించండి. ముగ్గురు మనుషులు, ఒక ఇల్లు, ఒక రహస్యం చాలు. 1990లలో థియేటర్‌కు వెళ్లకుండా నేరుగా వీడియో క్యాసెట్లుగా వచ్చిన హాలీవుడ్ చిన్న సినిమాలు చాలావరకు ఇలా నడిచినవే.

తర్వాత ప్రతి పాత్రకూ రెండు కోరికలు రాసుకోండి. ఒకటి పైకి చెప్పేది, రెండోది దాచేది. ఆడపాత్రను వట్టి ఎరగా రాసేయకండి. ఆమె ఎందుకు మోసం చేస్తోందో ఆమె వైపు నుంచి మనకు అర్థం కావాలి. ఈ తరహా సినిమాలు ఎక్కువగా చతికిలబడేది ఇక్కడే.

శృంగార సన్నివేశం రాశాక, దాన్ని తీసేసి స్క్రిప్టు చదవండి. కథ ఆగకుండా సాగిపోతే ఆ సీన్ అక్కర్లేదు. ఆ రాత్రి తర్వాత వాళ్లిద్దరి మధ్య ఏదో ఒకటి మారాలి. అతను నిద్రపోయాక ఆమె అతని జేబులోంచి తాళంచెవి తీసుకుందనుకోండి. అంతకుముందు పలికిన ప్రతి ముద్దు మాటా అప్పుడు వేరేగా వినిపిస్తుంది. టెన్షన్ అక్కడ పుడుతుంది.

అలాంటి సీన్ షూటింగ్‌కు ముందే ఏం కనిపిస్తుంది, ఎక్కడ తాకవచ్చు, ఎక్కడ తాకకూడదు అన్నది నటులతో మాట్లాడి కాగితం మీద పెట్టండి. ఫైట్ సీన్‌లాగే ప్రతి కదలికనూ బట్టలతోనే రిహార్సల్ చేయించండి. ఆ రోజు సెట్‌లో అవసరమైనవాళ్లే ఉండాలి. నటి గానీ నటుడు గానీ వద్దంటే ఆ షాట్ వదిలేయాలి, బతిమాలకూడదు. వీలైతే ఇంటిమసీ కోఆర్డినేటర్‌ను, అంటే శృంగార సన్నివేశాల్లో నటులకు ఇబ్బంది రాకుండా చూసే నిపుణుణ్ణి, పెట్టుకోండి. అందుకు డబ్బు చాలకపోతే అలాంటి సీన్లే తగ్గించుకోండి.

లైటింగ్‌కు ఒక టేబుల్ ల్యాంపు, కిటికీకి బ్లైండ్స్ (అడ్డపట్టీల తెర) ఉంటే చాలా పని జరుగుతుంది. మొహం మీద పడే చారల నీడ మూడ్ తెస్తుంది, వెనకున్న ఖాళీ గోడను చీకటి దాచేస్తుంది. వాతావరణాన్నీ వాడుకోండి. 1981లో వచ్చిన హాలీవుడ్ సినిమా 'బాడీ హీట్' ఫ్లోరిడా ఎండల్లో జరిగే కథ, కానీ తీసింది చలిలో. నటుల ఒంటిమీద చెమట కోసం నీళ్లు చల్లారు. మీకూ ఒక స్ప్రే బాటిల్ సరిపోతుంది.

శబ్దాన్ని మాత్రం తేలిగ్గా తీసుకోవద్దు. ఊపిరి, దుప్పటి కదలిక, మెట్ల మీద అడుగులు విడిగా రికార్డు చేయండి. ఎడిటింగ్‌లో దుస్తుల మొదటి గుండీ దగ్గరే కట్ చేసి, ఆ అడుగులు తలుపు బయట ఆగడం వినిపించండి.