నీబెలుంగెన్‌లీడ్‌ను ఇంగ్లీషులో చదివేవాళ్లకు చిట్కా

నీబెలుంగెన్‌లీడ్ మధ్యయుగపు జర్మన్ వీరగాథా కావ్యం. దీనికి ఒక్క అనువాదమే పట్టుకుని కూర్చోకండి. కథ కోసం హాట్టో (1965) వచనానువాదం చాలు, సాఫీగా సాగిపోతుంది. పక్కనే నీడ్లర్ (1904) పద్యానువాదం తెరిచి ఉంచుకోండి, ప్రాజెక్ట్ గూటెన్‌బర్గ్ అనే ఈ-పుస్తకాల సైటులో ఉచితమే. మూలంలో పద్యానికి నాలుగు పాదాలు. ప్రతి పాదం మధ్యలో విరుపు ఉంటుంది, నాలుగో పాదం రెండో సగం కాస్త సాగుతుంది. రాబోయే చావుల గురించిన హెచ్చరిక తరచూ ఆ సాగిన చోటే పడుతుంది. వచనంలో అది మామూలు వాక్యమైపోతుంది. నీడ్లర్ ఆ సాగుడును నిలబెట్టాడు. కానీ అంత్యప్రాస కోసం మాటల వరస తలకిందులు చేస్తాడు కాబట్టి ఎవరు ఎవరిని పొడిచారో వచనంలో సరిచూసుకోవాలి.

రెండింటినీ పోల్చడానికి 16వ అధ్యాయం తీసుకోండి: ఊట దగ్గర వంగిన వీరుడు సీగ్‌ఫ్రీడ్‌ను హాగెన్ ఈటెతో పొడిచే ఘట్టం.

నోట్సులో పేజీ నంబరు వేస్తే ఇంకో ప్రతిలో దొరకదు. పద్యం నంబరూ ఒక్కోసారి తప్పుతుంది, ఎందుకంటే A, B, C అని పిలిచే మూడు ప్రధాన రాతప్రతుల్లో పద్యాల లెక్క ఒకటి కాదు. A రాతప్రతిలో 2,316 ఉంటే మిగతా రెండింటిలో ఇంకా ఎక్కువ. ముందు అధ్యాయం నంబరు (మొత్తం 39), తర్వాతే పద్యం నంబరు రాసుకోండి.