పోర్ట్రెయిట్ గీద్దాం – 4వ పాఠం: కంటి తెల్లగుడ్డు తెల్లగా ఉండదు

పోయిన పాఠంలో తలను కోడిగుడ్డులా గీసి, కళ్ల గీతను సరిగ్గా సగంలో పెట్టాం. మీ కళ్లు ఇంకా నుదుటి మీదికే ఎక్కుతున్నాయా? టెన్షన్ వద్దు, అందరికీ అంతే. ఇంకో నాలుగు గుడ్లు గీసి రండి.

ఇవాళ కన్ను. ఒక్క కన్నే.

చేతి అద్దం, 2బి పెన్సిల్, దానికంటే మెత్తగా, నల్లగా గీసే 6బి పెన్సిల్, ముద్దలా నలిగే మెత్తటి రబ్బరు చాలు. ట్యూబ్‌లైట్ ఆర్పేసి, వెలుతురు ఒక చెంప మీదే పడేలా కిటికీ పక్కన కూర్చోండి.

నేను మొదట గీసింది మా అమ్మమ్మను. తెల్లగుడ్డును తెల్ల కాగితంలాగే వదిలేసి, మధ్యలో నల్లగుడ్డును నిండు గుండ్రంగా పెట్టాను. చూసి, "ఎవర్ని చూసి జడుసుకున్నానురా?" అంది. ఆవిడ మాటే ఈ పాఠం.

అద్దంలో చూడండి. పైరెప్ప నల్లగుడ్డు పైఅంచును కొంచెం కప్పేస్తుంది. గుండ్రం మొత్తం కనబడిందంటే ఆ మనిషి ఉలిక్కిపడ్డట్టే. డచ్ చిత్రకారుడు రెంబ్రాంట్ 1630లో నెదర్లాండ్స్‌లోని లైడెన్‌లో ఉండగా కావాలనే ఆ పని చేశాడు: కళ్లు పెద్దవి చేసి, నోరు తెరిచి, అద్దంలో తన ముఖాన్నే చూసుకుంటూ రాగిరేకు మీద ఎచింగ్ (రేకు మీది గీతలను ఆమ్లంతో కొరికించి, సిరా పూసి కాగితం మీద అచ్చు తీయడం) చేశాడు. అది ఐదు సెంటీమీటర్ల బొమ్మ, అగ్గిపెట్టెంత! పైసా అడగని మోడల్ తనే కదా. చనిపోయిన ఏడు, 1669లో కూడా తన ముఖాన్ని గీస్తూనే ఉన్నాడు. లండన్ నేషనల్ గ్యాలరీలో ఉన్న ఆ ముసలి ముఖాన్ని ఫోన్‌లో పెద్దది చేసి చూడండి. తెల్లగుడ్డులో తెలుపు వెతికినా దొరకదు, అంతా బూడిద, గోధుమ రంగులే.

కన్ను ఒక గోళీ. పైరెప్ప దానికి చూరులాంటిది, నీడ పడకుండా ఎలా ఉంటుంది? అందుకే ముందు కన్నంతటికీ 2బితో పలచగా బూడిదరంగు పరచండి. తర్వాత 6బితో రెప్ప కింది నీడ, ఆ తర్వాతే కనుపాప. కింది రెప్ప అంచున తడి మెరిసే సన్నటి గట్టు ఉంటుంది, దాని మీదికి పెన్సిల్ పోనివ్వద్దు. మధ్యమధ్యలో కళ్లు చికిలించి చూస్తే వివరాలు పోయి వెలుగునీడలే మిగులుతాయి. రెప్ప వెంట్రుకలను దువ్వెన పళ్లలా గీసేవాళ్లున్నారు, దయచేసి ఇవాళ్టికి వాటి జోలికి పోకండి.

ఆఖరున రబ్బరు మొనను సూదిగా నులిమి, కిటికీ వైపు, కనుపాప అంచున ఒక్క చుక్క ఎత్తండి. రెండు చుక్కలైతే చెరిపేయండి.

మూడు రోజులు అదే కిటికీ, అదే కన్ను, అదే వేళ. రెండో కన్ను వచ్చే పాఠంలో. అది మొదటిదానికి కవల కాదు, చేయి ఎంత దురద పెట్టినా అప్పటిదాకా ఆగండి.