ఎస్పీ ఆఫీసులో ఇచ్చిన రక్షణ అర్జీ కదలకపోతే హైకోర్టుకి ఎలా వెళ్లాలి (పర్లాకిమిడి, గుణుపురం వైపు వాళ్లకి)

మా వైపు మన తెలుగోళ్లు చాలామంది అనేమాట ఇదే, "ప్రాణభయం ఉందని ఎస్పీ ఆఫీసులో కాగితం ఇచ్చేం, ఎవరూ పట్టించుకోలేదు, ఇంకేటి చేస్తాం" అని. చెయ్యొచ్చండి. కటక్‌లో ఒడిశా హైకోర్టులో రాజ్యాంగం ఆర్టికల్ 226 కింద రిట్ పిటిషన్ వెయ్యొచ్చు, మాండమస్ అంటారు, అధికారి తను చెయ్యాల్సిన పని చెయ్యకుండా కూర్చుంటే చెయ్యమని కోర్టు ఆర్డర్ ఇవ్వడం అన్నమాట. కానీ మనుషులు ఇంటిమీదకే వచ్చేస్తుంటే రిట్ గురించి ఆలోచించకండి, ముందు 112కి ఫోన్ చెయ్యండి.

అసలు కేసు నిలబడేది మీరు అర్జీ ఇచ్చారన్న రుజువు మీద. మా పిన్ని కూతురు వేరే కులం అబ్బాయిని పెళ్లి చేసుకున్నప్పుడు మేం ఒక ఆఫీసులో అర్జీ చేతికిచ్చి వచ్చేసేం, లాయర్ అడిగిన మొదటి మాట "రిసీవ్డ్ కాపీ ఏదీ" అని, మా దగ్గర లేదు, మళ్లీ మొదట్నుంచి మొదలెట్టాల్సి వచ్చింది, ఆ రోజులన్నీ ఆ పిల్ల తలుపులేసుకునే గడిపింది. అందుకే రెండు కాపీలు పట్టుకెళ్లండి, ఒకదాని మీద స్టాంపు, తేదీ వేయించుకోండి, స్టాంపు వెయ్యం అని వాళ్లంటే అదే రోజు స్పీడ్ పోస్టులో పంపేసి రసీదు, డెలివరీ అయినట్టు చూపే ప్రింటు రెండూ దాచుకోండి. స్టేషన్ ఐఐసీకి (అంటే స్టేషన్ ఇన్‌ఛార్జి ఇన్‌స్పెక్టర్) ఒక అర్జీ, ఎస్పీకి ఒక అర్జీ, రెండుచోట్లా ఇలాగే చెయ్యండి.

అర్జీ ఒడియాలోనో ఇంగ్లీషులోనో ఉండాలి, తెలుగులో రాస్తే అక్కడ చదివేవాళ్లు ఉండరు. "మాకు భయంగా ఉంది" అని ఊరికే రాయకండి. ఏ తేదీ, ఎన్ని గంటలకి, ఎవరు, ఏ నంబర్ నుంచి, ఏమన్నారు, అదంతా వరసగా రాయండి. వాట్సాప్ స్క్రీన్‌షాట్లు జత చెయ్యండి, ఫోన్లో అసలు మెసేజ్ మాత్రం డిలీట్ చెయ్యకండి. కులాంతర పెళ్లి అయితే 2018లో సుప్రీంకోర్టు ఇచ్చిన శక్తి వాహిని తీర్పు పేరు రాయండి, అలాంటి జంటలకి పోలీసులు రక్షణ ఇవ్వాలని అందులో స్పష్టంగా ఉంది. మీరు కేసులో సాక్షులైతే దారి వేరు, సాక్షుల రక్షణ పథకం ఉంది, జిల్లా జడ్జి పెద్దగా ఉండే కమిటీ చూస్తుంది, ముందు అక్కడ అడగండి.

మన బోర్డర్‌కి ఉన్న తిరకాసు ఇంకోటి. మీరుండేది పర్లాకిమిడిలో, బెదిరించేవాళ్లు పాతపట్నం వైపు వాళ్లు అనుకోండి, మీ ఇంటి దగ్గర రక్షణ ఇవ్వాల్సింది ఇక్కడి పోలీసులే కాబట్టి రిట్ కటక్‌లోనే, కానీ శ్రీకాకుళం ఎస్పీకి కూడా ఒక కాపీ పంపి ఉంచండి.

లాయర్ ఫీజు భయపడకండి. ఆడవాళ్లకి, ఎస్సీ ఎస్టీ వాళ్లకి ఆదాయంతో పని లేకుండా లీగల్ ఎయిడ్ ఉచితం, జిల్లా కోర్టులోనే ఆఫీసు ఉంటుంది, 15100కి ఫోన్ చేసినా చెప్తారు. లాయర్‌కి రెండు మాటలు తప్పకుండా చెప్పండి. ఒకటి, అర్జీ తేల్చేదాకా మధ్యంతర రక్షణ కూడా అడగమనండి. రెండోది, బెదిరించేవాళ్లని కూడా పార్టీలుగా చేరిస్తే వాళ్లకీ పిటిషన్ కాపీ వెళ్తుంది, మీరు దాక్కున్న అడ్రస్ అందులో ఉండకుండా ఎలా చెయ్యాలో ముందే అడగండి. ఇది చాలా ముఖ్యం.

చాలాసార్లు కోర్టు "ఇన్ని వారాల్లో ఆ అర్జీ మీద చట్టప్రకారం నిర్ణయం తీసుకోండి" అని చెప్పి పిటిషన్ ముగించేస్తుంది, ఇంతేనా అని మనసు చివుక్కుమంటుంది నిజమే, కానీ ఇకమీదట ఆ అధికారి ఊరికే కూర్చోడానికి లేదు, ఇస్తామనో ఇవ్వమనో, ఎందుకో చెప్పాలి. ఇవ్వం అని చెప్తే ఆ కారణం మీదే మళ్లీ కోర్టుకి వెళ్లొచ్చు. గడువు దాటినా కదలకపోతే కోర్టు ధిక్కారం, అది ఏడాది లోపే వెయ్యాలి. ఆర్డర్ సర్టిఫైడ్ కాపీ, పాత అర్జీ కాపీ కలిపి మీరే తీసుకెళ్లి ఎస్పీ ఆఫీసులో ఇచ్చి మళ్లీ స్టాంపు వేయించుకోండి, చాలా ఆర్డర్లలో గడువు లెక్క మొదలయ్యేది ఆ రోజు నుంచే.