మైన్‌క్రాఫ్ట్ మ్యాప్ మారడం లేదా? సమస్య - కారణం - పరిష్కారం

(మైన్‌క్రాఫ్ట్ ఆటలో కంప్యూటర్ వెర్షన్ అయిన జావా ఎడిషన్‌ని దృష్టిలో పెట్టుకుని రాసింది. మ్యాప్ తయారు చేయడం, ఫ్రేమ్‌లో పెట్టడం వచ్చినవాళ్ల కోసం.)

సమస్య: కొత్త ఊరు కట్టాం, గోడమీది మ్యాప్‌లో పాత అడవే కనిపిస్తోంది.

మ్యాప్ పాడైందని తీర్మానించే ముందు ఒక్కటి చూసుకోండి: దాన్ని చేత్తో పట్టుకుని ఆ ఊళ్లో నడిచారా? ఐటెమ్ ఫ్రేమ్‌లో ఉన్న మ్యాప్ సొంతంగా ఏమీ గీయదు. హాట్‌బార్‌లో (స్క్రీన్ కింది గడుల వరుసలో) ఉండి చేతికి రాకపోయినా గీయదు. ప్రధాన చేతిలోనో ఆఫ్‌హ్యాండ్‌లోనో (రెండో చేతిలో) ఉండాలి, అదీ ఆ మ్యాప్ తయారైన డైమెన్షన్‌లోనే (మామూలు లోకం, నెదర్, ఎండ్ అనే ఆటలోని లోకాల్లో ఏదైతే అందులో). చేతిలో ఉంటే మీ చుట్టూ 128 బ్లాకుల దాకా గీస్తుంది, కానీ లోడైన చంకుల్ని (16×16 బ్లాకుల ముక్కల్ని) మాత్రమే. సర్వర్‌లో వ్యూ డిస్టెన్స్ (మీ చుట్టూ లోడయ్యే దూరం) 5 చంకులే ఉంటే అది దాదాపు 80 బ్లాకులు. అలాంటప్పుడు పొలం దున్నినట్టు దగ్గర దగ్గరగా సాళ్లు వేస్తూ నడవాలి. ఈ పరీక్ష దాటకుండా కింద రాసినవి చదవొద్దు, దయచేసి.

సమస్య: చేతిలోది నిండుతోంది, గోడమీదిది నిండడం లేదు.

అందరినీ గంటలకు గంటలు తిప్పేది ఇదే. చూడ్డానికి రెండూ ఒకే మ్యాప్, లోపల నంబర్లు వేరు. తెరిచిన ప్రతి మ్యాప్‌కీ గేమ్ ఒక నంబర్ ఇస్తుంది, బొమ్మ ఆ నంబర్ కిందే నిల్వ ఉంటుంది. ఒకే నంబర్ ఉన్న కాపీలన్నిటికీ బొమ్మ ఒక్కటే. కాబట్టి చేతిలోది నింపితే గోడమీదిదీ మారాలి. మారలేదంటే నంబర్ ఎక్కడో విడిపోయింది.

ఎక్కువసార్లు విడిపోయేది జూమ్ దగ్గర. కాపీ తీసి గోడకు పెట్టాక, చేతిలోదానికి కార్టోగ్రఫీ టేబుల్‌లో (మ్యాపుల పనికి వాడే బల్లలో) కాగితం కలిపి జూమ్ చేస్తారు, అంటే ఇంకా పెద్ద ప్రాంతం చూపేలా మారుస్తారు. జూమ్ అయిన మ్యాప్‌కి కొత్త నంబర్ వస్తుంది, గోడమీదిది పాత నంబర్‌తోనే మిగిలిపోతుంది. పైగా కొత్తది ఖాళీగా మొదలవుతుంది, మళ్లీ తిరిగి నింపాలి. ముందు జూమ్, తర్వాతే కాపీ. ఈ క్రమం తప్పొద్దు. అదే చోట ఇంకో ఖాళీ మ్యాప్ తెరిచినా కాపీ అవదు, వేరే నంబర్‌తో కొత్తది పుడుతుంది. కాపీ అంటే నిండిన మ్యాప్‌కి ఖాళీ మ్యాప్ జోడించి టేబుల్‌లో తీసుకున్నదే.

మరీ మోసం చేసేది లాక్. మ్యాప్‌కి గ్లాస్ పేన్ జోడిస్తే కొత్త నంబర్‌తో లాక్ అయిన మ్యాప్ వస్తుంది. ఇక అది మారదు. దాని కాపీలూ లాక్ అయ్యే వస్తాయి. లాక్ తీసే దారి గేమ్‌లో లేదు. నలుగురు ఆడే సర్వర్‌లో ఎవరో మంచి ఉద్దేశంతోనే లాక్ చేసి గోడకు పెట్టి ఉంటారు.

తేల్చుకోవడం సులువు. గోడమీది మ్యాప్ తీసి, ఇన్వెంటరీలో చేతిలోదాని మీద పెట్టండి. రెండూ ఒకే గడిలో చేరితే ఒకే నంబర్. చేరకపోతే వేరు (యాన్విల్‌లో, అంటే దాగలి మీద, ఒకదానికి పేరు పెట్టి ఉంటే మాత్రం ఈ పరీక్ష పనిచేయదు). ఎఫ్3, హెచ్ కలిపి నొక్కి, మ్యాప్ మీద కర్సర్ ఉంచితే నంబర్, లెవెల్ (ఎంత జూమ్ అయిందో చెప్పే అంకె, 0 నుంచి 4 దాకా) కనిపిస్తాయి. లాక్ అనుమానం ఉంటే కార్టోగ్రఫీ టేబుల్‌లో మ్యాప్, కాగితం పెట్టండి: లెవెల్ 4 కాకుండానే ఫలితం రాలేదంటే లాక్ అయినట్టే.

పరిష్కారం: చేతిలోది కాపీ తీసి గోడమీద మార్చండి. ఉన్నవన్నీ లాక్ అయినవే అయితే ఆ ప్రాంతంలో నిలబడి కొత్తది తెరిచి, కావాల్సిన లెవెల్‌కి జూమ్ చేసి, నడిచి నింపి, అప్పుడు కాపీ తీయండి.

సమస్య: ఇల్లు మధ్యలో వస్తుందనుకుంటే మ్యాప్ అంచుకు పోయింది.

మ్యాప్ మీరు నిలబడిన చోటుని మధ్యలో పెట్టుకోదు, స్థిరమైన గడుల్లో కూర్చుంటుంది. లెవెల్ 0 గడి 128 బ్లాకులు. ఎక్స్, జెడ్ (తూర్పు-పడమర, ఉత్తర-దక్షిణ స్థానాల అంకెలు) రెండూ -64 నుంచి 63 దాకా ఒక గడి, 64 నుంచి 191 దాకా పక్కది. జూమ్ చేసినా కొలత అక్కణ్నుంచే: 1024 బ్లాకుల లెవెల్ 3 గడి -64 నుంచి 959 దాకా. ఎక్స్ -70 దగ్గర కట్టిన ఇల్లు పక్క గడిలో పడుతుంది. ఎఫ్3 నొక్కితే వచ్చే అంకెలు చూసి స్థలం ఎంచుకోండి. కట్టేశాక అయితే రెండు మ్యాపులు పక్కపక్కన పెట్టడమే దారి.

సమస్య: అంతా అప్‌డేట్ అయింది, చిన్న దారి మాత్రం కనిపించదు.

లెవెల్ 3లో ఒక చుక్క 8×8 బ్లాకులు. వాటిలో ఎక్కువగా ఉన్న రంగే చుక్కకు వస్తుంది కాబట్టి రెండు బ్లాకుల వెడల్పు దారి గడ్డిలో కలిసిపోతుంది. దారులు కావాలంటే లెవెల్ 0 మ్యాపులే వాడండి.

మిగతావి అరుదు. నెదర్‌లో తెరిచిన మ్యాప్ ఎరుపు, బూడిద చుక్కలతో నిండితే అది పైకప్పు ప్రభావం, చేసేదేమీ లేదు. భూగర్భంలో కట్టినవి ఏ మ్యాప్‌లోనూ రావు, పై పొర మాత్రమే గీస్తుంది. బెడ్‌రాక్‌లో (ఆట రెండో ఎడిషన్‌లో) మీరున్న చోటు చూపే బాణం గుర్తు లేకపోతే ఆ మ్యాప్ కంపాస్ లేకుండా తయారైంది. కార్టోగ్రఫీ టేబుల్‌లో కంపాస్ కలపండి. ‘అన్‌నోన్ మ్యాప్’ అని వస్తే ఆ నంబర్ తాలూకు ఫైల్ వరల్డ్ ఫోల్డర్‌లో లేదు. బ్యాకప్ ఉంటే అందులోంచి తెచ్చుకోండి, లేకపోతే కొత్తది తెరవండి.