చెంచు గూడెంలో ఫారం-ఎ నింపడానికి కూర్చునే ముందు

నల్లమల అడవి చెంచులకు ఒకరు ఇచ్చింది కాదు. కానీ 1882 మద్రాసు అటవీ చట్టం, గడువులోపల అర్జీ పెట్టుకోనివాళ్ల హక్కును కొట్టేసింది. గెజెట్ చదివి వినిపించే దిక్కులేని గూడేలు సొంత చోటే ఆక్రమణదారులయ్యాయి. కింద ఊళ్లనుంచి వచ్చిన మనం పట్టాదారులమయ్యాం. ఆ అన్యాయాన్ని దిద్దడానికే 2006 అటవీ హక్కుల చట్టం వచ్చింది. యర్రగొండపాలెం, దోర్నాల వైపు అర్జీలకు సాయపడే గిరిజనేతరుల కోసం ఇది.

గ్రామసభ గూడెంలోనే పెట్టించండి. పంచాయతీ కేంద్రంలో పెడితే పెద్ద ఊరి గొంతే వినబడుతుంది. సభ్యుల్లో సగం మంది రావాలి, వచ్చినవాళ్లలో మూడోవంతు ఆడవాళ్లుండాలి. అర్జీలు పరిశీలించడానికి సభ ఎన్నుకునే హక్కుల కమిటీలో 10 నుంచి 15 మంది. అందులో మీరు చేరొద్దు.

సాగుభూమికి ఫారం-ఎ: 2005 డిసెంబరు 13కు ముందునుంచి చేతికింద ఉండాలి, 4 హెక్టార్లు మించదు. తేనె, బంక లాంటి ఉమ్మడి హక్కులకు ఫారం-బి. చెంచులు ఆదిమ తెగ కాబట్టి ఆవాస హక్కు (తరతరాలుగా బతుకుతున్న చోటంతటి మీద తెగకుండే హక్కు) గడి కూడా అందులోనే నింపాలి.

రుజువులు కనీసం రెండు. పాత పట్టా లేదని అర్జీ మానేయొద్దు. చేత్తో వేసిన గట్టు ఒక రుజువు. ఫారెస్టువాళ్లు ఎప్పుడో రాసిన జరిమానా రసీదు దొరికితే భయపడి దాచకండి. ఆ తేదీకి ఆ మనిషి అక్కడున్నాడని అదే చెబుతుంది. అలాంటి కాగితం ఒక్కదాన్నే పట్టుకుని అర్జీ కొట్టేయకూడదని 2012 సవరణ నిబంధనల్లో ఉంది.

రెండో రుజువుగా గూడెం పెద్దల వాంగ్మూలం చాలు, అర్జీదారు కాని పెద్దలది. అవ్వ సంవత్సరం చెప్పదు. "మా పెద్దోడు కడుపులో ఉన్నప్పుడు ఆళ్లు ఆ చింతచెట్టు కాడ చేను కొట్టుకున్నారు" అంటుంది. అట్లాగే రాసి, ఏ సంవత్సరమో తెలిసేలా పెద్దోడి ఆధార్ నకలు జతచేయండి. మీ తెలుగులోకి దిద్దితే పది వాంగ్మూలాలూ ఒక్క అచ్చులో పోసినట్టుంటాయి, అధికారికి అనుమానం వస్తుంది. చదివి వినిపించాకే వేలిముద్ర.

భూమి కొలతకు ముందు అటవీశాఖకు కాగితమిచ్చి, అందినట్టు సంతకం తీసుకోండి. వచ్చిన ఉద్యోగి హోదా, తేదీ వేసి సంతకం చేయాలి. సభ తిరస్కరిస్తే 60 రోజుల్లో సబ్‌డివిజన్ కమిటీకి పోవచ్చు.

పట్టా ఆలుమగలిద్దరి పేరా రావాలి. వారసులకు దక్కుతుంది; అమ్మడానికి, రాసివ్వడానికి లేదు. మీ చేను ఆనుకుని ఉంటే ఆ సంగతి సభలోనే చెప్పి, కొలతనుంచి తప్పుకోండి. గిరిజనేతరులు తమకోసం అడగాలంటే మూడు తరాలు, అంటే 75 ఏళ్లు అక్కడే బతికినట్టు చూపాలి. చెంచు పేరుమీద మీ సాగు ఎక్కించొద్దు.