ఊరి దారి ఆక్రమిస్తే: సర్వే నంబరు నుంచి హైకోర్టు దాకా

రస్తాలోకి గోడ జరిగినా, గెడ్డ (వాగు) పోరంబోకులో, అంటే ప్రభుత్వ భూమిలో, షెడ్డు లేచినా ముందు చేతిలో ఉండాల్సింది సర్వే నంబరు. "తాతల నాటి నుంచి ఇది దారే" అన్న మాట ఒక్కటే పట్టుకుని వెళితే అర్జీ మూలన పడుతుంది.

మీభూమి వెబ్‌సైటులో గ్రామ పటం, అడంగల్ (ఏ నంబరు ఎవరి సాగులో ఉందో రాసే గ్రామ లెక్క) చూసి నంబరు పట్టుకోండి. అడంగల్‌లో తర్వాతి రోజుల్లో మార్పులు జరిగి ఉండొచ్చు, అక్కడితో ఆగొద్దు. రైతువారీ ఊరైతే, అంటే రైతులు నేరుగా ప్రభుత్వానికే శిస్తు కట్టిన ఊరైతే, ఆర్.ఎస్.ఆర్. (రీ సెటిల్‌మెంట్ రిజిస్టరు) చూడాలి. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో చాలా ఊళ్లు ఒకప్పుడు జమీందారీల కిందివి. 1948 ఎస్టేట్ల రద్దు చట్టం తర్వాత సెటిల్‌మెంట్ జరిగిన ఇలాంటి ఊళ్లకు సెటిల్‌మెంట్ ఫెయిర్ అడంగల్, అంటే అప్పుడు తయారైన భూముల రికార్డు, అసలు ఆధారం. అందులో "రస్తా", "గెడ్డ", "చెరువు" అని రాసి ఉంటే మీ పని సగం అయినట్టే. నకలు ఇవ్వకపోతే సమాచార హక్కు కింద అడగండి. గ్రామ స్థాయిలో రుసుము లేదు, మండల స్థాయిలో 5 రూపాయలు, జిల్లా స్థాయిలో 10. జవాబుకు గడువు 30 రోజులు.

తర్వాత ఎఫ్.ఎం.బి. (సర్వే నంబరు హద్దులు, కొలతలు గీసిన పటం) నకలు తీసుకోండి. పాత పటాల్లో కొలతలు లింకుల్లో ఉంటాయి, చాలామంది పొరబడేది ఇక్కడే. ఒక లింకు 0.66 అడుగు. పటంలో దారి వెడల్పు 25 లింకులుంటే నేల మీద 16.5 అడుగులు ఉండాలి. టేపు పట్టి చూస్తే 11 అడుగులే మిగిలిందనుకోండి, పోయింది 5.5 అడుగులు. అర్జీలో ఈ అంకె రాయండి. టేపు కనిపించేలా, పక్కన కరెంటు స్తంభమో కల్వర్టో పడేలా ఫోటోలు తీయండి. మీ కొలత అర్జీకి సరిపోతుంది గానీ తొలగింపుకు చాలదు. మండల సర్వేయరు ఇరుగుపొరుగు హక్కుదారులకు నోటీసిచ్చి కొలవాలి. నోటీసు లేని సర్వే కోర్టులో నిలవడం కష్టం.

అర్జీ ఎవరికివ్వాలన్నది దారిని బట్టి ఉంటుంది. ఊరి వీధులకు పంచాయతీ కార్యదర్శి, శ్రీకాకుళం, విజయనగరం పట్టణాల్లో కార్పొరేషన్ కమిషనర్, ఆర్ అండ్ బీ రోడ్డుకు ఆ శాఖ ఇంజనీరు. 16వ నంబరు జాతీయ రహదారి పక్కనైతే 2002 నాటి వేరే చట్టం ఉంది, జాతీయ రహదారుల అధికారులకే రాయాలి. ఏదైనా ఒక ప్రతి తహసీల్దారుకు ఇచ్చి రసీదు తీసుకోండి. కదలిక లేకపోతే సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో ఇచ్చి అర్జీ నంబరు దాచుకోండి.

తహసీల్దారు ఆయుధం 1905 భూ ఆక్రమణల చట్టం. ముందు సెక్షన్ 7 కింద సంజాయిషీ నోటీసు, జవాబు విన్నాక సెక్షన్ 6 కింద ఖాళీ చేయించే ఉత్తర్వు. ఈ వరుస తప్పి నేరుగా జేసీబీ దింపితే అవతలివాళ్లు హైకోర్టుకెళ్లి ఆపించుకుంటారు, నెలల శ్రమ వృథా. కాబట్టి తొందరపెట్టాల్సింది నోటీసు కోసం, కూల్చివేత కోసం కాదు. ఆక్రమణదారు హక్కు మీద నిజమైన వివాదం చూపితే ఈ చట్టం కింద ఖాళీ చేయించడం కుదరదు, ప్రభుత్వం సివిల్ దావా వేయాలి. తుమ్మల కృష్ణారావు కేసులో 1982లో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. రికార్డు మీద ఇంత పట్టుబట్టేది అందుకే. ఇంజంక్షన్ (తొలగింపును ఆపే ఉత్తర్వు) కోసం ఆక్రమణదారు సివిల్ కోర్టుకు పోతారనిపిస్తే పంచాయతీ చేత ముందే కేవియట్ (మా మాట వినకుండా ఉత్తర్వివ్వొద్దని కోర్టుకిచ్చే అర్జీ) వేయించండి, అది 90 రోజులు పనిచేస్తుంది.

దారి పూర్తిగా మూసేసి, అంబులెన్సు కూడా రాని స్థితి ఉంటే బీఎన్ఎస్ఎస్ (పాత సీఆర్‌పీసీ స్థానంలో వచ్చిన చట్టం) సెక్షన్ 152 కింద ఆర్డీవోకు అర్జీ పెట్టండి, అడ్డు తీయమని షరతు ఉత్తర్వు ఇవ్వగలరు.

తోపుడు బళ్ల సంగతి వేరు. 2014 వీధి వ్యాపారుల చట్టం వాళ్లకు రక్షణనిచ్చింది, పక్కా గోడ కట్టినవాడితో వాళ్లను ఒకే గాటన కట్టడం అన్యాయం.

అధికారులు ఎంతకీ కదలకపోతే రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టులో రిట్. మీ రసీదులు, రికార్డు నకళ్లు, సర్వే నివేదిక అప్పుడు పనికొస్తాయి. ఆక్రమణదారును కూడా ప్రతివాదిగా చేర్చండి, అతని మాట వినకుండా కోర్టు ఉత్తర్వివ్వదు. ఊరి ఉమ్మడి భూములైతే 2011లో సుప్రీంకోర్టు ఇచ్చిన జగ్‌పాల్ సింగ్ తీర్పును మీ లాయరు ప్రస్తావించాలి. ఏళ్ల తరబడి ఆక్రమణలో ఉండటం, లక్షలు పోసి కట్టడం క్రమబద్ధీకరణకు సాకు కాదని అందులో ఉంది.

తొలగించిన రోజే పంచనామా రాయించి, సర్వే రాళ్లు పాతించి, ఆ నంబరు 22ఏ నిషేధిత జాబితాలో (రిజిస్ట్రేషన్ చేయకూడని భూముల జాబితాలో) ఉందో లేదో సబ్ రిజిస్ట్రార్ ఆఫీసులో చూసుకోండి.